తొమ్మిది నెలల పాపకు ఫోన్‌లో తెలుగు వస్తుందా?

అమెరికాలో ఉంటున్న ఒక తల్లి అడిగారు: "మా ఇంట్లో పాపతో తెలుగు మాట్లాడేది నేనొక్కదాన్నే. పగలంతా ఆఫీసు. ఆ టైమ్‌లో ఫోన్‌లో తెలుగు రైమ్స్ పెడితే చెవికి అలవాటవుతుంది కదా?"

ఆమె టెన్షన్‌కు కారణం ఉంది. ఇంగ్లిషు ఇళ్లలో పుట్టిన పిల్లలు 6-8 నెలల వయసులో హిందీలోని త, ట తేడాను చక్కగా పట్టేస్తారని, 10-12 నెలలకు చాలామంది దాన్ని పోగొట్టుకుంటారని జానెట్ వెర్కర్, రిచర్డ్ టీస్ అనే మనస్తత్వ పరిశోధకులు 1984లోనే చూపించారు. చెవిలో లోపమేమీ ఉండదు. చుట్టూ వినిపించే భాషకు తగ్గట్టు మెదడు సర్దుకుంటుంది, అంతే.

మరి ఫోన్ ఆదుకుంటుందా? పిల్లల భాషపై పరిశోధించే ప్యాట్రీషియా కూల్ బృందం 2003లో దాదాపు ఇదే పరీక్షించింది. తొమ్మిది నెలల అమెరికన్ పిల్లలతో మాండరిన్ (చైనా ప్రధాన భాష) మాతృభాషగా ఉన్నవాళ్లు ఆ భాషలోనే మాట్లాడారు, ఆడించారు. ఒక్కోసారి 25 నిమిషాలు, మొత్తం 12 సార్లు. ఇంగ్లిషులో లేని మాండరిన్ ధ్వనుల తేడా ఆ పిల్లలకు పట్టుబడింది. అదే మనుషులను, అవే బొమ్మలను, అంతే సేపు వీడియోలో చూసిన పిల్లలకు ఏమీ రాలేదు. ఉత్త ఆడియో విన్నవాళ్లకూ అంతే!

ఎందుకంటారా? గోరుముద్దలు పెట్టే అమ్మను గమనించండి. పాప మింగిందో లేదో చూసి, నోరు తెరిచాకే ఇంకో ముద్ద పెడుతుంది. మొహం తిప్పేస్తే ఆగుతుంది. మాటా అలాగే అందాలి. పాప "బ్బ" అంటుంది, అమ్మ వెంటనే "బంతి కావాలా?" అని బంతి వైపు చూస్తుంది, పాప చూపూ అటే వెళ్తుంది. ధ్వని, చూపు, వస్తువు మూడూ ఒక్క క్షణంలో కలుస్తాయి. వీడియో మాత్రం పాప మింగినా, కక్కినా, నిద్రపోయినా ముద్దలు పెడుతూనే ఉంటుంది.

మాటలు రావాలని వసకొమ్ము అరగదీసి నాకించే ఇళ్లు మనలో ఇంకా ఉన్నాయి. వసలో బీటా-అసరోన్ అనే హానికర రసాయనం ఉంటుంది, దయచేసి ఆ పని చేయకండి.

ఏడాదిలోపు పిల్లలకు స్క్రీన్ అసలే వద్దని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో చెప్పింది. మన దేశంలోని పిల్లల డాక్టర్ల సంఘం కూడా రెండేళ్లలోపు వద్దంటూనే, బంధువులతో వీడియో కాల్‌కు మినహాయింపు ఇచ్చింది. కాల్‌లో అవతలి మనిషి పాపను చూసి బదులిస్తారు మరి. రెండు, రెండున్నరేళ్ల పిల్లలు వీడియో కాల్‌లో కొత్త క్రియాపదాలు నేర్చుకున్నారని, ముందే తీసిన వీడియోతో నేర్చుకోలేదని 2014లో తేలింది.

కాబట్టి అమ్మా, రైమ్స్ ఆపేసి, మీరు ఇంట్లో ఉన్నప్పుడు అమ్మమ్మకు వీడియో కాల్ చేయండి. పాపను ఒళ్లో కూర్చోబెట్టుకుని, అమ్మమ్మ ఏ బొమ్మ పేరు చెబితే ఆ బొమ్మ మీరు చేతికివ్వండి.