చమురు పెరిగింది, దిర్హామ్ తగ్గింది

2007 అక్టోబర్ చివర్లో, నవంబర్ మొదట్లో దుబాయ్‌లో వేలాది మంది నిర్మాణ కూలీలు పనికి వెళ్లకుండా క్యాంపుల్లో కూర్చున్నారు. సమ్మె చేస్తే నేరమయ్యే దేశం అది. పట్టుకుంటే వీసా పోతుంది, వీసా పోతే ఊళ్లో చేసిన అప్పు మిగులుతుంది. అన్నీ తెలిసే కూర్చున్నారు.

అప్పటికి చమురు బ్యారెల్ 90 డాలర్లు దాటి వంద వైపు పోతోంది. గల్ఫ్ ఖజానాల్లోకి అంతకుముందెన్నడూ రానంత డబ్బు వస్తోంది. క్యాంపులో కూర్చున్నవాడి లెక్క మాత్రం వేరు. 2006 మధ్యలో 600 దిర్హామ్‌లు పంపితే ఇంటికి 7,500 రూపాయలు చేరేవి. 2007 చివరికి అదే 600 దిర్హామ్‌లకు 6,400 వస్తున్నాయి. ఈలోపు అక్కడ బియ్యం పెరిగింది, అద్దెలు పెరిగాయి. జగిత్యాల, సిరిసిల్ల వైపు ఊళ్లకు ఫోన్ వస్తే బాగోగులకంటే ముందు ‘రేటెంతుంది?’ అని అడిగే రోజులవి.

చమురు అమ్మే దేశంలో, చమురు ధర ఆకాశంలో ఉన్నప్పుడు, అక్కడ పనిచేసేవాడికి చేతిలో డబ్బు ఎందుకు తగ్గింది? దీనికి జవాబు దొరకాలంటే ముందు ఆ దేశాల్లో డబ్బు ఎలా పుడుతుందో చూడాలి.

మన దగ్గర చమురు పెరిగితే ధరలు ఎందుకు పెరుగుతాయో చిన్నపిల్లాడైనా చెబుతాడు. డీజిల్ పెరిగింది, లారీ కిరాయి పెరిగింది, టమాటా పెరిగింది. గల్ఫ్‌లో ఆ దారి దాదాపు మూసే ఉండేది. పెట్రోలు రేటును చాలాకాలం ప్రభుత్వాలే అడుగున పట్టి ఉంచాయి. అక్కడ ధరలు పెరగడానికి దారి బడ్జెట్. చమురు అమ్మిన డాలర్లు నేరుగా ప్రభుత్వానికి వస్తాయి. అవి న్యూయార్క్‌లోనో లండన్‌లోనో ఖాతాలో ఉన్నంతకాలం దేశంలో ఎవరికీ ఏమీ కాదు. ప్రభుత్వం ఒక రోడ్డు కాంట్రాక్టరుకు బిల్లు చెల్లించడానికి ఆ డాలర్లను కేంద్ర బ్యాంకుకిచ్చి రియాళ్లు తీసుకున్నప్పుడు కొత్త డబ్బు పుడుతుంది. మన బడ్జెట్‌లో ప్రభుత్వం ఖర్చు పెట్టేదాంట్లో ఎక్కువ భాగం ముందు పన్నుగా ఎవరి జేబులోంచో తీసుకున్నదే. ఒక జేబు నిండితే ఇంకో జేబు ఖాళీ అవుతుంది. అక్కడ ఏ జేబూ ఖాళీ కాలేదు, నిండడమే. ఆదాయపు పన్ను లేదు, అమ్మకపు పన్ను లేదు అని మనవాళ్లు అప్పట్లో ముచ్చటగా చెప్పుకున్నది ఇదే. దాని ఇంకో ముఖం ధరల్లో కనిపించింది.

ఇంత డబ్బు వచ్చిపడితే కార్లు, టీవీలు, ఏసీలు ఓడల్లో దించుకోవచ్చు. ఇల్లు దించుకోలేరు. కరెంటు, స్కూల్లో సీటు, తాపీమేస్త్రీ చేయి, ఇవేవీ కంటైనర్లో రావు. మేస్త్రీ విమానంలో రావచ్చు, కానీ వచ్చాక అతనికీ ఒక మంచం కావాలి. అసలు ఓడలో వచ్చే సరుకు కూడా రేవు పట్టినంతే దిగుతుంది.

ఈ చివరి మాట ఎంత నిజమో 1970లలో తేలింది. 1973 అక్టోబర్ యుద్ధానికి ముందు బ్యారెల్ 3 డాలర్ల దగ్గర ఉండేది. 1974 జనవరికి 12 డాలర్లకు చేరువైంది. సౌదీలో 1975లో ధరలు 30 శాతానికి పైగా పెరిగాయి. జెడ్డా రేవు బయట ఓడలు బారులు తీరితే, సిమెంటు బస్తాలను హెలికాప్టర్లతో దించుకున్నారు. డబ్బుంటే ఏదైనా చేయొచ్చనడానికీ, డబ్బున్నా ఏమీ చేయలేమనడానికీ ఆ ఒక్క దృశ్యం చాలు.

నైజీరియా సంగతి ఇంకా విచిత్రం. జనరల్ గోవన్ ప్రభుత్వం దాదాపు 2 కోట్ల టన్నుల సిమెంటుకు ఆర్డరిచ్చింది. అందులో పెద్ద వాటా రక్షణ శాఖది, బ్యారక్‌లు కడతామని. లాగోస్ రేవు ఏడాదికి దించగలిగే సిమెంటు 10 లక్షల టన్నుల పైచిలుకు. 1975లో వందల ఓడలు సముద్రంలో నిలబడ్డాయి. నిలబడ్డ ప్రతి రోజుకూ డెమరేజ్, అంటే ఓడను ఆపి ఉంచినందుకు పరిహారం, వస్తుంది కదా అని, తుక్కుకు పోవాల్సిన ఓడలు కూడా సిమెంటు నింపుకుని వచ్చాయంటారు. సిమెంటు ఓడలు దారికడ్డంగా ఉండటంతో తిండి సరుకులు, మందులు, యంత్రాల విడిభాగాలు రావడం ఆగిపోయింది. అంటే ధరలు పెంచింది డబ్బొక్కటే కాదు, ఆ డబ్బుతో కొన్న సరుకే వేరే సరుకుకు అడ్డుపడింది.

అదే సమయంలో ఉడోజీ కమిషన్ సిఫార్సులంటూ ప్రభుత్వోద్యోగుల జీతాలు భారీగా పెంచారు, కొందరికి రెట్టింపు. వెనకటి నెలల బకాయిలు కూడా ఒకేసారి చేతికొచ్చాయి. ఆ డబ్బు బజారుకు చేరేలోపే దుకాణాల్లో రేట్లు మారాయి. ప్రైవేటు రంగంలో వాళ్లు మాకూ కావాలని సమ్మెలకు దిగారు. ఆ ఏడాది నైజీరియా ద్రవ్యోల్బణం 34 శాతం దగ్గర తేలింది. జూలైలో గోవన్ పదవి పోయింది.

ఇరాన్ షా దీనికి ఇంకో మందు వేశాడు. 1974 ఆగస్టులో పంచవర్ష ప్రణాళిక ఖర్చును దాదాపు రెట్టింపు చేశాడు. ఖుర్రంషహర్ రేవులో ఓడలు నెలల తరబడి ఆగాయి, టెహ్రాన్‌లో అద్దెలు మధ్యతరగతికి అందకుండా పోయాయి. 1975లో తప్పంతా వ్యాపారులదేనని ప్రకటించి, విద్యార్థుల దళాలను బజార్లకు పంపి ధరలు తనిఖీ చేయించాడు. వేలాది దుకాణదారులకు జరిమానాలు, జైళ్లు, ఊరి బహిష్కరణలు. డబ్బు పోసింది రాజు, దెబ్బలు తిన్నది కిరాణా కొట్టువాడు. నాలుగేళ్ల తర్వాత ఆ బజారే విప్లవానికి డబ్బూ మనుషులనూ ఇచ్చింది. ఇరాన్ విప్లవానికి కారణాలు చాలా ఉన్నాయి, ధరలొక్కటే కాదు. కానీ బజారును శత్రువుగా చేసుకున్నది మాత్రం ఈ ధరల గొడవలోనే.

మళ్లీ 2000లకు వద్దాం. 2003 తర్వాత చమురు ఏటా పెరుగుతూ పోయింది. ఈసారి రేవులు సిద్ధంగా ఉన్నాయి, దుబాయ్‌లో జెబెల్ అలీ లాంటి భారీ రేవు అప్పటికే ఉంది. ఈసారి ఇరుకు ఇళ్ల దగ్గర వచ్చింది, దానికి తోడు కరెన్సీ దగ్గర.

కరెన్సీ సంగతి కాస్త వివరంగా చెప్పాలి, అసలు ముడి అక్కడే ఉంది. సౌదీ రియాల్‌ను 1986 నుంచి డాలరుకు 3.75 దగ్గర కట్టేశారు. దిర్హామ్ 1997 నుంచి 3.6725. ఖతార్ రియాల్ 3.64. మామూలుగా ఒక దేశానికి విపరీతంగా విదేశీ డబ్బు వస్తే దాని కరెన్సీ విలువ పెరుగుతుంది, దాంతో దిగుమతులు చవకవుతాయి, వేడి కొంత చల్లారుతుంది. ఇక్కడ ఆ కిటికీకి మేకు కొట్టేశారు. కరెన్సీ కదలదు కాబట్టి కదలాల్సింది అద్దె, కూలి, చికెన్ రేటు. పైగా అవే ఏళ్లలో డాలరు పడిపోతోంది. తినే తిండిలో చాలాభాగం బయటినుంచి తెచ్చుకునే దేశాలవి. యూరోలో కొన్న పాలపొడి, రూపాయల్లో కొన్న బియ్యం ప్రతి నెలా కొంచెం ప్రియమవుతూ వచ్చాయి.

ఇందులో మన పాత్ర కూడా ఉంది. 2007 అక్టోబర్‌లో భారత ప్రభుత్వం బాస్మతి కాని బియ్యం ఎగుమతిపై నిషేధం పెట్టింది, 2008 ఏప్రిల్‌లో మళ్లీ బిగించింది. మన దగ్గర బియ్యం ధర అదుపులో ఉంచడానికే. సోనా మసూరి అలవాటైన తెలుగువాడికి షార్జాలో ఆ బస్తా మీద దెబ్బ పడింది. సౌదీ ప్రభుత్వం టన్ను బియ్యానికి 1,000 రియాళ్ల సబ్సిడీ ప్రకటించాల్సి వచ్చింది.

డాలరుతో ముడిపడ్డాక వడ్డీ రేటు కూడా ఆ దేశం చేతిలో ఉండదు, అమెరికా వెంటే నడవాలి. 2007 సెప్టెంబర్‌లో 5.25 శాతం ఉన్న వడ్డీని అమెరికా ఫెడరల్ రిజర్వ్ 2008 ఏప్రిల్ చివరికి 2 శాతానికి దించింది. అమెరికాలో ఇళ్ల రుణాలు కూలుతున్నాయి కాబట్టి వాళ్లకు ఆ మందు అవసరం. గల్ఫ్‌లో జబ్బు పూర్తిగా ఎదురు, అయినా అదే మందు మింగాలి. యూఏఈలో 2007 ద్రవ్యోల్బణం 11 శాతం, ఖతార్‌లో 13 శాతం పైన. వడ్డీ అంతకంటే తక్కువ. అప్పు చేసి ఫ్లాట్ బుక్ చేయనివాడు అమాయకుడి కింద లెక్క. దిర్హామ్ విలువ పెంచక తప్పదని పందెం కాసి బయటి డబ్బు కూడా బ్యాంకుల్లోకి వచ్చిపడింది.

ముడి విప్పుకున్నది కువైట్ ఒక్కటే. 2007 మే 20న దినార్‌ను డాలరు నుంచి తప్పించి, కొన్ని కరెన్సీల బుట్టకు కట్టింది. బయటి నుంచి వచ్చే ధరల దెబ్బ తట్టుకోలేకే అని చెప్పింది. ధరలు అక్కడా ఆగలేదు, 2008లో 10 శాతం దాటాయి. కానీ రూపాయల్లో చూస్తే కువైట్‌లో ఉన్న కడప, గోదావరి జిల్లాల వాళ్లకు దెబ్బ కాస్త తక్కువ తగిలింది.

మిగతావాళ్లు ఏం చేశారు? అద్దెకు గీత గీశారు. దుబాయ్ 2005 చివర్లో ఏడాదికి 15 శాతం కంటే పెంచొద్దంది, తర్వాత 7, ఆ తర్వాత 5. గీత పాత అద్దెదారుకే వర్తిస్తుంది. ఇంటి ఓనర్లు రిపేర్లనో, చుట్టాలొస్తున్నారనో ఖాళీ చేయించి కొత్తవాళ్లకు కొత్త రేటుకిచ్చారు. కంపెనీ క్యాంపులో ఉన్న కూలీకి అద్దె బాధ నేరుగా తెలియదు. డ్రైవర్లు, సేల్స్‌మెన్, చిన్న ఆఫీసు ఉద్యోగులే నలిగిపోయారు. గదిలో నలుగురుండే చోట ఎనిమిది మంది, పన్నెండు మంది సర్దుకున్నారు. బెడ్‌స్పేస్, అంటే గదిలో ఒక్క మంచం మేర చోటు అద్దెకు, అనే మాట తెలుగు ఇళ్లలో కూడా మామూలైపోయింది. ఇలా విల్లాలు పంచుకుని ఉండకూడదని 2008లో దుబాయ్ మునిసిపాలిటీ తనిఖీలకు దిగింది. పోయి ఎక్కడుండాలో చెప్పలేదు.

రెండో మందు జీతాలు. యూఏఈ ఫెడరల్ ఉద్యోగులకు 2008 జనవరి నుంచి మూల వేతనంపై 70 శాతం పెంపు. సౌదీలో మూడేళ్లపాటు ఏటా 5 శాతం అలవెన్సు. లాగోస్‌లో 1975లో జరిగింది ఎవరికీ గుర్తు లేదో, గుర్తున్నా వేరే దారి దొరకలేదో! ఇందులో మన వాళ్లకు దక్కింది ఏమీ లేదు. పెంపు పౌరులు ఎక్కువగా ఉన్న ప్రభుత్వ కొలువులకు, పెరిగిన రేట్లు అందరికీ. క్యాంపుల్లో సమ్మె ఈ పెంపు అమలుకు ముందే జరిగింది, దాని వెనక ఉన్నదీ ఆ పెరిగిన రేట్ల లెక్కే.

ఆ మంటను ఆర్పింది ఏ ప్రభుత్వమూ కాదు. 2008 జూలైలో 147 డాలర్లు తాకిన చమురు డిసెంబర్‌కి 40 కిందికి పడింది. క్రేన్లు ఆగాయి. యూఏఈ ద్రవ్యోల్బణం మరుసటి ఏడాది 2 శాతం లోపుకు వచ్చింది, ఖతార్‌లో ధరలు ఏకంగా దాదాపు 5 శాతం తగ్గాయి. అద్దెలు తగ్గింది గదులు ఖాళీ అయ్యాయి కాబట్టి. ఆ గదుల్లో ఉన్నవాళ్లు శంషాబాద్‌లో దిగారు.

చమురు పడితే చమురు దేశాల్లో ధరలు తగ్గుతాయని దీన్నిబట్టి అనుకుంటే పొరపాటు. గల్ఫ్ దగ్గర ముడిని కాపాడుకునేంత నిల్వలున్నాయి. లేనిచోట చమురు పడగానే డాలర్లు కరువవుతాయి, కరెన్సీ కూలుతుంది, దిగుమతయ్యే ప్రతిదీ మండుతుంది. 2014 జూన్‌లో 115 డాలర్లున్న బ్యారెల్ 2016 జనవరికి 30 దిగువకు వచ్చింది. రష్యా ఒక్క రాత్రిలో వడ్డీని 17 శాతానికి పెంచింది. నైజీరియా తన కరెన్సీ నైరా విలువను పట్టి ఉంచలేక వదిలేసింది. వెనిజులాలో ఖర్చుకు సరిపడా నోట్లు ముద్రించుకుంటూ పోయారు, 2018లో ధరలు 1,30,000 శాతం పెరిగాయని వాళ్ల కేంద్ర బ్యాంకే ఒప్పుకుంది. చమురును సైతాను మలం అని తిట్టిన పెరెజ్ అల్ఫోంజో ఆ దేశపు మంత్రే, చమురు ఎగుమతి దేశాల కూటమి ఒపెక్ పుట్టుకకు మూలపురుషుల్లో ఒకడు. నార్వే మాత్రం డబ్బును ఇంట్లోకి రానివ్వకుండా 1996 నుంచి విదేశాల్లోనే మదుపు పెడుతూ ఏటా కొద్దిగా వాడుకుంటోంది. రోడ్లూ బడులూ ఇంకా కట్టాల్సిన దేశాన్ని అలా ఆగమనడం సులువు కాదు.

గల్ఫ్ కూడా మారింది. చమురు పడినప్పుడు కరెన్సీని ముట్టుకోకుండా బడ్జెట్‌ను సరిచేయాలంటే మిగిలింది సబ్సిడీల కోత, పన్నులు. 2018 జనవరిలో సౌదీ, యూఏఈ 5 శాతం వ్యాట్ తెచ్చాయి. 2020లో కరోనాతో చమురు కుప్పకూలితే, జూలై 1 నుంచి సౌదీ దాన్ని 15 శాతం చేసింది. అంతకు నెల ముందే ప్రభుత్వోద్యోగులకిచ్చే 1,000 రియాళ్ల అలవెన్సు ఆపేసింది. ఆ అలవెన్సు సౌదీ పౌరులకిచ్చింది. వ్యాట్ మాత్రం బకాలాలో, అంటే అక్కడి కిరాణా కొట్టులో, ఖుబూస్ రొట్టె కొనే ప్రతివాడిదీ.