డిస్కు ఎవరిది? పాత ఆటల వివాదం వెనుక 2012 సవరణ

శ్రీకాకుళంలో పాత వీడియో గేముల గొడవ మళ్ళీ రాజుకుంది. వందల ఆటలు నింపిన హార్డ్ డిస్కులు అమ్మే దుకాణాలు ఒకవైపు ఉన్నాయి. ఎప్పుడో కొనుక్కున్న సోనీ ప్లేస్టేషన్ 2 డిస్కులను మైక్రోసాఫ్ట్ కొత్త ఎక్స్‌బాక్స్‌లో ఆడుకోవాలనుకునే టెక్కలి, ఆమదాలవలస కుర్రాళ్లు మరోవైపు ఉన్నారు. ఇద్దరినీ ఒకే గాటన కట్టి పైరసీ అంటున్నారు. ఇది అన్యాయం.

2012 జూన్ 21న అమల్లోకి వచ్చిన కాపీరైట్ సవరణ దగ్గరే ఈ కథ మలుపు తిరిగింది. కాపీ చేయకుండా కంపెనీలు పెట్టే డిజిటల్ తాళం పగలగొడితే రెండేళ్ల వరకు జైలు, జరిమానా అని 65ఎ సెక్షన్ చెప్పింది. అయితే హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో పగలగొట్టినప్పుడే అది నేరం. అమెరికాలో 1998 నాటి చట్టం ఇంత వెసులుబాటు ఇవ్వలేదు. ఒక గేమ్ యంత్రం ఆటలను మరో యంత్రంలో నడిపే సాఫ్ట్‌వేర్‌ను ఎమ్యులేటర్ అంటారు. ఆటల కంపెనీ నింటెండోకు 24 లక్షల డాలర్లు చెల్లించడానికి ఒప్పుకుని 2024 మార్చిలో యుజు అనే ఎమ్యులేటర్ మూతపడింది ఆ చట్టం కిందే. ఆ కేసును చూపించి ఇక్కడి వాళ్లను భయపెట్టడం తగదు.

చట్టబద్ధంగా సంపాదించిన కాపీ నుంచి సొంత వాడకానికి, వ్యాపారం కోసం కాకుండా, కంప్యూటర్ ప్రోగ్రాంకు మరో కాపీ తీసుకోవచ్చని 1999 సవరణే చెప్పింది. ఆటలో ప్రోగ్రాంతో పాటు దృశ్యాలు, ధ్వనులూ ఉంటాయి. సొంత వాడకపు మినహాయింపును వాటికీ విస్తరించింది మళ్ళీ 2012 సవరణే.

క్రికెట్ 07 సంగతి చూడండి. 2006లో వచ్చిన ఆ ఆటను ఇప్పుడు ఏ డిజిటల్ స్టోరూ అమ్మడం లేదు. మిగిలింది గీతలు పడ్డ డిస్కే. ప్లేస్టేషన్ 2 డీవీడీలోని డేటాకు ఎన్‌క్రిప్షన్ లేదు, మామూలు కంప్యూటర్ డ్రైవ్ చదివేస్తుంది. పగలగొట్టడానికి తాళమే లేదన్నమాట. డిస్కు మొత్తానికి నకలైన ఐఎస్ఓ ఫైలు తీసి పెన్‌డ్రైవ్‌లో వేసుకుని, యాప్‌లు తయారుచేసేవాళ్ల కోసం 2016 నుంచి మైక్రోసాఫ్టే ఎక్స్‌బాక్స్‌లో ఇస్తున్న డెవలపర్ మోడ్‌లో ఎమ్యులేటర్ పెట్టుకుంటే ఆట నడుస్తుంది. సాధారణ రిటైల్ మోడ్‌లో ఎమ్యులేటర్లను 2023లో అడ్డుకున్నారు. ఎమ్యులేటర్‌కు కావాల్సిన బయోస్ ఫైలును, అంటే ప్లేస్టేషన్‌ను మొదలుపెట్టే ప్రోగ్రాంను మాత్రం సొంత ప్లేస్టేషన్ నుంచే తీసుకోవాలి. నెట్‌లో దొరికేది సోనీ సొత్తు.

ఎవరూ అమ్మని ఆటలను తాము బతికిస్తున్నామని దుకాణాలు అంటాయి. ఆటలు కనుమరుగవుతున్న మాట నిజమే. అమెరికాలో 2010కి ముందు వచ్చిన ఆటల్లో 87 శాతం మార్కెట్లో లేవని 2023 నాటి అధ్యయనం తేల్చింది. కానీ పాతబడినంత మాత్రాన, ఆన్‌లైన్ ఆర్కైవ్‌లో కనిపించినంత మాత్రాన హక్కు పోదు. కాపీలు అమ్ముకుంటే 63వ సెక్షన్ కింద ఆరు నెలల నుంచి మూడేళ్ల జైలు, 50 వేల నుంచి 2 లక్షల రూపాయల జరిమానా.

డిస్కు ఉన్నవాళ్లు కూడా కాపీని తమ కంప్యూటర్లో తామే తీసుకోవడం మేలు. దుకాణదారు డబ్బు తీసుకుని చేసిపెడితే, అది వ్యాపారమా కాదా అన్న చోటే మినహాయింపు చిక్కులో పడుతుంది.