పొగ, కళ్లు, లేజర్ ఆపరేషన్: అపోహలు - వాస్తవాలు

కళ్లజోడు వదిలించుకోవాలని లేజర్ ఆపరేషన్‌కు వచ్చేవారికి ముందుగా పరీక్షలు చేసే ఆప్టోమెట్రిస్టుని నేను. కార్నియా, అంటే నల్లగుడ్డు ముందుండే పారదర్శకమైన పొర, ఎంత మందంగా ఉంది, దాని వంపు ఎలా ఉంది, చీకట్లో కంటిపాప ఎంత విచ్చుకుంటోంది, కన్నీరు సరిపడా ఉందా అన్నవి కొలిచి సర్జన్ ముందు పెట్టడం నా పని. అద్దాల పవర్ ఏడాదిగా మారలేదా, కాంటాక్ట్ లెన్సులు ఎన్నాళ్లుగా వాడుతున్నారు, షుగర్ ఉందా అని అడిగితే అందరూ తడుముకోకుండా చెబుతారు. ‘సిగరెట్ అలవాటు ఉందా?’ అని అడిగినప్పుడే గదిలో ఒక చిన్న నవ్వు వినిపిస్తుంది. ‘కళ్ల ఆపరేషన్‌కీ దానికీ సంబంధం ఏమిటి మేడమ్?’ అంటారు. సంబంధం ఉంది. తరచూ వినబడే మాటలు ఒక్కొక్కటిగా చూద్దాం.

అపోహ: పొగ పోయేది ఊపిరితిత్తుల్లోకి. కళ్లకేమవుతుంది?

పొగ కంటిని రెండు వైపుల నుంచి తాకుతుంది. వేళ్ల మధ్య కాలుతున్న సిగరెట్ పొగ నేరుగా కంటి పైపొరకు తగులుతుంది. పీల్చిన పొగలోని నికోటిన్, కార్బన్ మోనాక్సైడ్, కాడ్మియం అనే లోహం వంటివి రక్తంలో కలిసి కంటి లోపలికి చేరతాయి. కాడ్మియం కంటి లెన్సులో పేరుకుంటుంది. పొగ తాగేవారికి శుక్లం వచ్చే ముప్పు, తాగనివారితో పోలిస్తే రెండు మూడు రెట్లు ఎక్కువ. వయసు మీద పడ్డాక కంటి వెనక తెరలా ఉండే రెటీనా నడిమి భాగం, అంటే మాక్యులా దెబ్బతిని, ఎదుటి మనిషి ముఖం కూడా ఆనకుండా పోయే జబ్బు ఒకటుంది. దాని విషయంలో ఈ తేడా రెండు నుంచి నాలుగు రెట్లు. థైరాయిడ్ జబ్బుతో కళ్లు ముందుకు పొడుచుకొచ్చిన వారు పొగ మానకపోతే జబ్బు ముదురుతుంది, మందులూ సరిగా పనిచేయవు.

ఇవన్నీ ఎక్కడో విదేశాల లెక్కలని కొట్టిపారేయడానికి లేదు. హైదరాబాద్‌లోని ఎల్.వి. ప్రసాద్ కంటి వైద్య సంస్థ 1996-2000 మధ్య ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో పది వేల మందికి పైగా కళ్లు పరీక్షించి పెద్ద అధ్యయనం చేసింది. పొగ తాగడానికీ శుక్లానికీ, చుట్ట కాల్చడానికీ మాక్యులా జబ్బుకూ ఉన్న ముడి అందులో బయటపడింది. మన దగ్గర అడ్డపొగ ఉండనే ఉంది. ఉత్తరాంధ్ర తీరంలో పెద్దవయసు ఆడవాళ్లు నిప్పంటుకున్న కొసను నోట్లోనే ఉంచుకుని చుట్ట కాలుస్తారు. వాళ్ల అంగిలి గురించి డాక్టర్లు దశాబ్దాలుగా మొత్తుకుంటున్నారు, కళ్ల సంగతి మాత్రం పెద్దగా ఎవరూ ఎత్తరు. మన సిగరెట్ పెట్టెల మీద కనిపించేదీ నోటి, గొంతు క్యాన్సర్లే. ఆస్ట్రేలియాలో 2006 నుంచి పెట్టెల మీద ‘పొగ తాగితే చూపు పోతుంది’ అనే హెచ్చరిక కంటి బొమ్మతో సహా వస్తోంది. అలాంటిది ఇక్కడా ఉంటే నా పని కొంత తేలికయ్యేది.

అపోహ: పొగ తాగుతానని చెబితే ఆపరేషన్ చేయరు.

ఈ ఒక్క భయంతోనే చాలామంది అబద్ధమాడతారు. పాతికేళ్ల కుర్రవాడు పక్కన అమ్మను కూర్చోబెట్టుకుని ‘ఛీ ఛీ, అలాంటివేం లేవండి’ అంటాడు. అమ్మ కూడా గర్వంగా తలూపుతుంది. అతని చూపుడువేలి కొస పసుపుపచ్చగా ఉంటుంది. అందుకే నేను ఆ ప్రశ్న మళ్లీ లోపలి చీకటి గదిలో, ఒక్కడే ఉన్నప్పుడు వేస్తాను. అక్కడ జవాబు మారుతుంది: ‘రోజుకు ఆరేడు మేడమ్, అమ్మకు చెప్పకండి.’ చెప్పం. అది రోగికీ మాకూ మధ్య ఉండాల్సిన మాట.

పొగ అలవాటు ఉన్నంత మాత్రాన లేజర్ ఆపరేషన్ నిరాకరించరు. పలుచని కార్నియా, కార్నియా శంకువులా ముందుకు పొడుచుకురావడం, నిలకడగా లేని పవర్, తగ్గని పొడికళ్లు, గర్భం వంటివి అసలు అడ్డంకులు. పొగ సంగతి ముందే తెలిస్తే ఏ పద్ధతి మేలు, కన్నీటి పొరకు ముందుగా మందు వాడాలా, ఆపరేషన్ కొన్ని వారాలు వెనక్కి జరపాలా అన్నది ఆలోచించవచ్చు. తెలియకపోతే ఆ నష్టం రోగిదే.

అపోహ: లేజర్ పడేది కొన్ని సెకన్లే. అందులో మానాల్సిన గాయం ఏముంది?

నన్నడిగితే అన్నిటికంటే చేటు చేసేది ఈ మాటే. లేజర్ పడే సమయం నిజంగా తక్కువే, ఒక్కో కంటికి నిమిషం కూడా పట్టకపోవచ్చు. కానీ ఆ నిమిషం కోసం కార్నియాను కోయాలి. నడిమధ్యన సుమారు 540 మైక్రాన్ల (మైక్రాన్ అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతు) మందం ఉండే కార్నియా మీద, లాసిక్ అనే లేజర్ పద్ధతిలో 100 నుంచి 120 మైక్రాన్ల పలుచని పొరను మూతలా లేపి, కింద లేజర్ వేసి, మళ్లీ ఆ పొరను పరుస్తారు. కుట్లు ఉండవు. పీఆర్‌కే అనే మరో పద్ధతిలో లేజర్ పడేచోట కార్నియా పైచర్మాన్ని పూర్తిగా తొలగిస్తారు, అది మళ్లీ పెరిగేదాకా నాలుగైదు రోజులు కట్టులాగా ఒక కాంటాక్ట్ లెన్సు పెడతారు. స్మైల్ అనే పద్ధతిలో రెండు నుంచి నాలుగు మిల్లీమీటర్ల చిన్న గాటు చాలు.

కార్నియాలో రక్తనాళాలు ఉండవు. ఉంటే అది పారదర్శకంగా ఉండదు. అందుకే మెలకువలో దానికి కావలసిన ఆక్సిజన్ చాలావరకు గాలి నుంచి, కన్నీటి మీదుగా అందుతుంది. గాయం మానాలన్నా, లేజర్ చెక్కిన వంపు మీద చూపు తేటగా నిలవాలన్నా కన్నీటి పొర బాగుండాలి. పొగ ముందుగా దెబ్బతీసేది దాన్నే.

ఆ దెబ్బ ఎలా కనిపిస్తుందో చెబుతాను. కంటిని పెద్దదిగా చేసి చూపే స్లిట్ ల్యాంప్ అనే యంత్రం ముందు గడ్డం ఆనించి కూర్చున్నవారి కింది రెప్ప లోపల, ఫ్లోరెసిన్ అనే రంగు పూసిన సన్నటి కాగితాన్ని తడిపి తాకిస్తాం. నీలి కాంతి వేయగానే కన్నీటి పొరంతా పచ్చగా మెరుస్తుంది. ‘రెండు మూడు సార్లు రెప్పలు ఆడించండి. ఇక ఆపండి, నేను చెప్పేదాకా తెరిచే ఉంచండి’ అని మనసులో అంకెలు లెక్కపెడతాను. ఆ పచ్చదనంలో ఎక్కడో నల్లటి చుక్క పుడుతుంది, అక్కడి నుంచి పాకుతుంది. కన్నీటి పొర విరిగిందన్నమాట. పది సెకన్లు దాటి నిలిస్తే సంతోషం. ఐదు సెకన్లలోపే విరిగితే సర్జన్‌తో మాట్లాడాల్సిందే. రెప్పల అంచున ఉండే గ్రంథులు స్రవించే నూనె పాల మీద మీగడలా కన్నీటిని కప్పి ఆవిరి కాకుండా కాస్తుంది. పొగ ఆ నూనె పొరను పాడుచేస్తుంది. అందుకే పొగతాగేవారిలో ఆ నల్ల చుక్క తొందరగా పుడుతుంది. వాళ్లు చెప్పేది మాత్రం ‘కళ్లలో ఇసుక పడ్డట్టుంటుంది, ఫోను ఎక్కువ చూస్తాను కదా’ అని. ఫోను తప్పు కొంత ఉంది, కాదనను.

ఇలాంటి కంటికి కొలతలు కూడా సరిగా రావు. కార్నియా వంపును పటంలా గీసే యంత్రం నిజానికి చూసేది కన్నీటి పొరపై పడ్డ ప్రతిబింబాన్నే. ఆ పొర గతుకులుగా ఉంటే పటమూ గతుకులే. కొలత తప్పితే లేజర్ లెక్కా తప్పుతుంది. కన్నీటి పొర కుదురుకున్నాక మళ్లీ రమ్మని వెనక్కి పంపితే కొందరు నొచ్చుకుంటారు, డబ్బులు గుంజడానికని అనుమానిస్తారు. కంటి మంచికే పంపుతున్నామని నమ్మండి.

ఆపరేషన్ తర్వాత మరో చిక్కు. కార్నియాలోని సన్నటి నాడులు కోతలో తెగుతాయి. ‘కన్ను ఎండుతోంది, నీరు పంపు’ అని కబురు పెట్టేవి ఈ నాడులే. అవి మళ్లీ అల్లుకునేదాకా, సాధారణంగా మూడు నుంచి ఆరు నెలలు, కళ్లు పొడిబారడం అందరికీ ఉండేదే. అసలే పలుచబడ్డ కన్నీటి పొరతో వచ్చినవారికి ఆ నెలలు మరీ బరువు. మధ్యాహ్నానికి చూపు మసకబారుతుంది, రాత్రి దీపాల చుట్టూ వలయాలు కనిపిస్తాయి, ఆపరేషన్ చెడిందేమోనని బెంగ మొదలవుతుంది. చాలాసార్లు లేజర్ పని బాగానే ఉంటుంది, కన్నీరే తక్కువ.

పొగ కళ్లలోకి వెళ్తే మంట పుడుతుంది. మంట పుడితే చేయి తెలియకుండానే కంటి మీదికి పోతుంది. లాసిక్ తర్వాత తొలి రోజుల్లో కన్ను గట్టిగా నలిపితే పరిచిన ఆ పలుచని పొర ముడతపడవచ్చు, జరగవచ్చు. అప్పుడు మళ్లీ ఆపరేషన్ గదికి వెళ్లాల్సిందే. పైగా చుక్కల మందు వేసుకునేదీ సిగరెట్ పట్టుకున్న చేత్తోనే. కాంటాక్ట్ లెన్సులు వాడేవారిలో పొగ తాగేవారికి కార్నియా ఇన్ఫెక్షన్లు ఎక్కువని చాలాకాలంగా తెలిసిన సంగతి. పీఆర్‌కే తర్వాత కట్టులాగా పెట్టేదీ కాంటాక్ట్ లెన్సే. కార్నియా మీది చిన్న గీత మానడానికే పొగ తాగేవారికి ఎక్కువ రోజులు పడుతుంది. పైచర్మమంతా తీసిన కన్ను సంగతి వేరే చెప్పాలా?

అపోహ: ముందు రోజు, ఆ రోజు మానేస్తే చాలు.

ఒకటి రెండు రోజుల్లో రక్తంలోని కార్బన్ మోనాక్సైడ్ చాలావరకు పోతుంది, అది మేలే. కానీ రెప్పల అంచుల వాపు, నూనె గ్రంథుల తీరు ఒక్క రోజులో కుదురుకోవు. మేమైతే కనీసం మూడు నాలుగు వారాల ముందు నుంచి మానమంటాం, ఆపరేషన్ తర్వాత నెల దాటేదాకా ముట్టుకోవద్దంటాం. అన్ని రోజులు మానగలిగినవారు మళ్లీ ఎందుకు మొదలుపెట్టాలో నాకైతే అర్థం కాదు. అది వారి ఇష్టం.

అపోహ: నేను తాగేది హుక్కా, ఈ-సిగరెట్. అందులో పొగ ఉండదు.

హుక్కాలో బొగ్గు కాలుతుంది, నీటి గుండా వచ్చినా కార్బన్ మోనాక్సైడ్ వస్తూనే ఉంటుంది. ఈ-సిగరెట్ల అమ్మకం, తయారీ మన దేశంలో 2019 చట్టంతో నిషిద్ధం. అయినా తెస్తున్నారు, తాగుతున్నారు. అందులోని నికోటిన్ మామూలు నికోటినే.

అపోహ: నేను తాగను, మా నాన్నగారు తాగుతారు. నాకేం?

ఎవరు వెలిగించారన్నది కంటికి తెలియదు. తొలి రెండు వారాలు ఆయనను డాబా మీదికి వెళ్లి కాల్చుకోమనండి. ‘మీ అమ్మాయి కళ్ల ఆపరేషన్ మామయ్యగారూ, కాస్త ఓపిక పట్టండి’ అని సర్దిచెప్పే అల్లుళ్లను చూశాను, చాలాసార్లు పనిచేస్తుంది. అగరుబత్తి, సాంబ్రాణి పొగ, ఘాటు తిరగమోత కూడా ఆ రోజుల్లో దూరంగా ఉంటే నయం.

అపోహ: లేజర్ చేయించుకున్నాక కళ్లు కొత్తవైనట్టే. ఇక ఏ జబ్బూ రాదు.

లేజర్ మార్చేది కార్నియా వంపును మాత్రమే. వెనక ఉన్న లెన్సు, రెటీనా, కంటి నాడి అవే. ఇరవై ఆరేళ్లకు అద్దాలు తీసేసిన మనిషికి యాభైలలో శుక్లం రావచ్చు. పొగ తాగుతుంటే ఇంకా ముందే రావచ్చు. అప్పుడు ఒక చిక్కుంది. శుక్లం ఆపరేషన్‌లో పెట్టే లెన్సు పవర్ కార్నియా వంపును బట్టి లెక్కిస్తారు. లేజర్‌తో మారిన వంపుకు పాత సూత్రాలు సరిపడవు, లెన్సు పవర్ తప్పి దూరపు చూపుకు మళ్లీ అద్దాలు పడవచ్చు. ఇప్పుడు మెరుగైన సూత్రాలు ఉన్నాయి. అయినా ఆపరేషన్‌కు ముందటి అద్దాల పవర్, కార్నియా కొలతల కాగితాలు పారేయకండి. ఫోనులో ఫోటో తీసి కూడా దాచుకోండి.

అపోహ: ఇరవై ఏళ్లుగా తాగుతున్నాను. ఇప్పుడు మానితే ఏం లాభం?

మాక్యులా జబ్బు ముప్పు మానిన తర్వాత ఏళ్లు గడిచేకొద్దీ తగ్గుతుంది. ఇరవై ఏళ్లు గడిచాక తాగనివారికి దగ్గరగా చేరుతుంది. శుక్లం ముప్పు కూడా తగ్గుతుంది గాని పూర్తిగా పోదు. కాబట్టి నలభైలలో మానినవారికి అసలు ముప్పు మొదలయ్యే వయసుకు లాభం చేతికందుతుంది.

ఇక్కడ ఒక తమాషా సంగతి. పొగ మాన్పించడానికి వాడే వరెనిక్లిన్ అనే మందును ముక్కులో కొట్టే స్ప్రేగా మార్చి, పొడికళ్లకు వాడేందుకు అమెరికాలో 2021లో అనుమతించారు. ముక్కులోని నాడులను తట్టి కన్నీరు పుట్టిస్తుంది. మాత్ర వేరు, స్ప్రే వేరు, రెండింటి పనీ వేరు. ఒకదాని బదులు మరొకటి వాడకండి.

మానడానికి నికోటిన్ బిళ్లలు, పట్టీలు, మాత్రలు వాడుతుంటే కంటి సర్జన్‌కు ముందే చెప్పండి. తోడు కావాలనుకునేవారికి జాతీయ పొగాకు విరమణ సహాయ కేంద్రం ఉచిత నంబరు 1800-11-2356. ఆపరేషన్ తేదీ ఖాయం చేసుకునే ముందే దానికి ఫోను చేస్తే మంచిది. అప్పటికి నాలుగు వారాలు చేతిలో ఉంటాయి.