గ్రీకు నటి మెలీనా మెర్కూరీ సినిమాలు: అపోహలు, వాస్తవాలు

అపోహ: అందం చూసి చిన్న వయసులోనే సినిమాల్లోకి తీసుకున్నారు.
తొలి సినిమా ‘స్టెల్లా’ 1955లో కాన్ చిత్రోత్సవంలో ఆడేనాటికి ఆమెకు 34 ఏళ్లు. అప్పటికే ఏథెన్స్ రంగస్థలం మీద రాటుదేలింది. 1949లో కరోలోస్ కూన్ దర్శకత్వంలో టెనెసీ విలియమ్స్ నాటకం ‘ఎ స్ట్రీట్‌కార్ నేమ్డ్ డిజైర్’లో నాయిక బ్లాంచ్ వేషం కట్టింది. ఆ బొంగురు గొంతు వెనక ఉన్నది నాటకాల అనుభవమే.

అపోహ: సాహసం అంటే బట్టలు తగ్గించడం.
‘నెవర్ ఆన్ సండే’ (1960) మొదట్లో ఆమె వేసిన ఇల్యా అనే వేశ్య ఏథెన్స్ పక్కనున్న పిరేయస్ రేవు వెంట పరుగెడుతూ బట్టలు విసిరేసి సముద్రంలోకి దూకుతుంది. పోస్టర్లకు పనికొచ్చింది అదే. అసలు గొడవ వేరు. తప్పు చేసినవాళ్ల మీద ప్రేక్షకుడికి సానుభూతి కలగకూడదన్నది, తెర మీద ఏం చూపొచ్చో చెప్పే హాలీవుడ్ ప్రొడక్షన్ కోడ్ నియమం. ఈ వేశ్యేమో నవ్వుతూ, తన ఇష్టం వచ్చినవాళ్లనే రానిస్తూ, ఆదివారం సెలవు తీసుకుని గ్రీకు విషాద నాటకాలు చూస్తుంది! ఏడవదు, చావదు. అందుకే కోడ్ ముద్ర లేకుండానే యునైటెడ్ ఆర్టిస్ట్స్ తన అనుబంధ సంస్థ లోపర్ట్ ద్వారా అమెరికాలో విడుదల చేసింది.

‘స్టెల్లా’లో ఆమె చనిపోతుంది, నిజమే. కానీ ఎలా? పెళ్లి వద్దని వెళ్లిపోయిన స్టెల్లా తెల్లవారుజామున వీధిలోకొస్తుంది. ఎదురుగా, ఆమె కాదన్న ప్రియుడు మిల్టోస్. నా చేతిలో కత్తి ఉంది, వెళ్లిపొమ్మంటాడు. ఆమె ఆగదు, అతని వైపే నడుస్తుంది. ఆ నడకలో తొట్రుపాటు లేదు. మాకైతే సముద్రంలోకి దూకడం కన్నా ఈ నడకే పెద్ద సాహసం.

అపోహ: ‘నెవర్ ఆన్ సండే’లోని ప్రసిద్ధ పాట ఆదివారం గురించి.
ఆ ఆదివారం పాటకు ఇంగ్లీషులో రాసిన మాటల్లోది. స్వరకర్త మానోస్ హజిదాకిస్ గ్రీకులో రాసినది పిరేయస్ రేవు పిల్లల పాట. ఆస్కార్ తెచ్చిందీ ఈ పాటే. సబ్‌టైటిల్‌కి ఇంగ్లీషు పాటను తెలుగు చేస్తే అర్థం మొత్తం మారిపోతుంది. గ్రీకు నుంచే చేయాలి.

సబ్‌టైటిల్ రాసేవాళ్లు ఇంకో చోటా దెబ్బతింటారు. ఇల్యా ఇంగ్లీషు కావాలని వచ్చీరాకుండా ఉంటుంది. దాన్ని గ్రాంథికం చేస్తే నవ్వు చచ్చిపోతుంది. తల్లే పిల్లల్ని చంపే గ్రీకు విషాద నాటకం మెడియాలో పిల్లలు చావలేదని, అందరూ కలిసి సముద్రపు ఒడ్డుకెళ్లారని ఆమె చెప్పే చోట చివరి వాక్యాన్ని విడి సబ్‌టైటిల్‌గా వేయండి. ముందు వాక్యంతో కలిపితే, ఆమె నోరు విప్పకముందే హాలు నవ్వేస్తుంది.

అపోహ: ఇలాంటి వేషాలతో పరువు పోయింది.
ఇల్యా పాత్రకు 1960లో కాన్ ఉత్తమ నటి బహుమతిని ఫ్రెంచి నటి జాన్ మోరోతో పంచుకుంది, ఆస్కార్ నామినేషన్ కూడా వచ్చింది. 1967లో గ్రీస్ సైనిక ప్రభుత్వం ఆమె పౌరసత్వం రద్దు చేసింది వేషాలకు కాదు, తమను ఎదిరించి మాట్లాడినందుకు. ఆ ప్రభుత్వం కూలాక 1974లో తిరిగొచ్చింది. 1977లో పార్లమెంటుకు పంపిన ఓటర్లు ఎక్కడివారంటే, ఇల్యా దూకిన ఆ పిరేయస్‌వారే.