బ్యాట్‌గర్ల్: ఛానల్‌కు నచ్చజెప్పడానికి పుట్టిన నాయిక

2011 సెప్టెంబరులో బ్యాట్‌మన్ బొమ్మల కథలు వేసే అమెరికా ప్రచురణ సంస్థ డీసీ కామిక్స్ తన సూపర్‌హీరో పత్రికలన్నిటినీ ఒకటో సంచిక నుంచి మళ్లీ మొదలుపెట్టింది. ఆ సందట్లో బార్బరా గోర్డన్ అనే పాత్ర చక్రాల కుర్చీలోంచి లేచి, పాత బ్యాట్‌గర్ల్ ముసుగు తొడుక్కుంది. అంతకుముందు ఇరవై రెండేళ్లకు పైగా ఆమె పేరు ఆరకిల్. కంప్యూటర్ల ముందు కూర్చుని, తెరచాటు నుంచి సూపర్‌హీరోలకు సమాచారం అందించి దారి చూపే మేధావి. వికలాంగులైన పాఠకులకు ఈ మార్పు మింగుడుపడలేదు. తమలాంటి నాయిక ఉన్నదే ఒకరు, ఆమెకూ కాళ్లు నయం చేసేస్తే ఎలా అన్నది వారి అభ్యంతరం. బ్యాట్‌గర్ల్‌నే చూస్తూ పెరిగిన అభిమానులేమో అసలు మనిషి తిరిగొచ్చిందన్నారు. వాళ్లు "అసలు మనిషి" అంటున్నది ఎవరో తెలియాలంటే కామిక్స్ కన్నా ముందు టీవీ దగ్గరికి వెళ్లాలి.

1966 జనవరిలో ఏబీసీ ఛానల్‌లో మొదలైన "బ్యాట్‌మన్" ధారావాహిక తొలి ఏడాది అమెరికాను ఊపేసింది, రెండో ఏడాదికి చల్లబడింది. నిర్మాత విలియం డోజియర్‌కు కొత్త ఆకర్షణ కావాల్సి వచ్చింది. ఓ యువతి పాత్ర ఇవ్వమని డీసీ సంపాదకుడు జూలియస్ స్క్వార్జ్‌ను అడిగారు. చిత్రకారుడు కార్మైన్ ఇన్ఫాంటినో రూపం గీస్తే గార్డ్నర్ ఫాక్స్ కథ రాశారు. 1967 జనవరి తేదీతో వచ్చిన "డిటెక్టివ్ కామిక్స్" 359వ సంచికలో బార్బరా తొలిసారి కనిపించింది: పోలీసు కమిషనర్ గోర్డన్ కూతురు, వృత్తి లైబ్రేరియన్. పోలీసుల మారువేషాల విందుకని కుట్టుకున్న దుస్తుల్లో వెళుతూ, దారిలో కిల్లర్ మాత్ అనే దొంగ చేతికి చిక్కిన బ్రూస్ వేన్‌ను (ముసుగు లేని బ్యాట్‌మన్ ఇతనే) కాపాడుతుంది. (1961లో బెట్టీ కేన్ అనే మరో బ్యాట్‌గర్ల్ ఉండేది. ఆమెది బ్యాట్‌ఉమన్ తోకగా తిరిగే పాత్ర, మూడేళ్లకే కనుమరుగైంది.)

ఛానల్‌ను ఒప్పించడానికి తీసిన చిన్న నమూనా చిత్రంలోనూ విలన్ ఆ కిల్లర్ మాతే. అది పనిచేసింది. 1967 సెప్టెంబరు 14న మూడో సీజన్ మొదటి ఎపిసోడ్‌తో బ్యాట్‌గర్ల్‌గా నటి ఇవాన్ క్రెయిగ్ తెరమీదికొచ్చింది. కామిక్స్‌లో నల్లగా ఉన్న దుస్తులు టీవీలో మెరిసే ఊదారంగులోకి మారాయి. పడకగది గోడ తిరిగితే వెనక రహస్య గది, అక్కణ్నుంచి దిగితే మోటార్‌సైకిల్. ఆమె అసలు ఎవరో బ్రూస్ వేన్ ఇంటి బట్లర్ ఆల్ఫ్రెడ్‌కు తప్ప బ్యాట్‌మన్‌కు కూడా తెలియదు.

ఆ పాత్రకు కట్టిన హద్దులు ఫైటింగుల్లో బయటపడతాయి. బ్యాట్‌మన్, అతని కుర్ర సహాయకుడు రాబిన్ పిడికిలి బిగించి గుద్దుతారు. బ్యాట్‌గర్ల్ గుద్దకూడదు, ఆడపిల్లకు అది తగదని నిర్మాతల పట్టింపు. ఎత్తుగా కాలు విసిరి తన్నొచ్చు, గిర్రున తిరిగి తప్పుకోవచ్చు, చేతికందిన వస్తువుతో కొట్టొచ్చు. ఇవాన్ క్రెయిగ్ అంతకుముందు బాలే రూస్ ద మాంటీ కార్లో బృందంలో నర్తకి కాబట్టి ఆ హద్దులోనే ఓ శైలి పుట్టింది. తరవాతి యానిమేటర్లు బ్యాట్‌గర్ల్‌ను జిమ్నాస్ట్‌గా గీయడానికి మూలం అక్కడే ఉందని మా అభిప్రాయం. అయినా వారానికి రెండు నుంచి ఒకటికి దిగిన ధారావాహికను ఆమె కూడా నిలబెట్టలేకపోయింది. 26 ఎపిసోడ్ల మూడో సీజన్ 1968 మార్చి 14న ముగిసింది.

అసలు మెరుపు ఆ తరవాత వచ్చిన ఓ ప్రకటనలో ఉంది. 1970ల తొలినాళ్లలో అమెరికా కార్మిక శాఖ, 1963 సమాన వేతన చట్టం గురించి చెప్పడానికి ఇవాన్ క్రెయిగ్‌తో ఓ చిన్న చిత్రం తీయించింది. బ్యాట్‌మన్, రాబిన్ కట్లలో ఉంటారు, పక్కన బాంబు టిక్కుటిక్కుమంటుంటుంది. విడిపించడానికొచ్చిన బ్యాట్‌గర్ల్ ఆగి, రాబిన్ చేసే పనే తానూ చేస్తున్నా జీతం తక్కువెందుకని నిలదీస్తుంది. ధారావాహికలో బ్యాట్‌మన్‌గా వేసిన ఆడమ్ వెస్ట్ లేకపోవడంతో బ్యాట్‌మన్‌గా డిక్ గాటియర్ నటించాడు. ధారావాహిక ఎన్నడూ రాయని సంభాషణ ఇది. బార్బరా తన లెక్క తాను అడిగిన మొదటి సందర్భం.

ఫిల్మేషన్ కంపెనీ 1968లో, 1977లో తీసిన కార్టూన్లలో ఆమె ఉన్నా చెప్పుకోదగ్గ ఎదుగుదల లేదు.

1988లో "ద కిల్లింగ్ జోక్" అనే కామిక్‌లో తలుపు తీసిన బార్బరాను బ్యాట్‌మన్ శత్రువు జోకర్ కాల్చాడు. వెన్నెముక దెబ్బతింది. ఆ కథలో ఆమె గాయం తండ్రినీ బ్యాట్‌మన్‌నూ వేధించడానికి సాధనం, అంతే. ఆ తరవాత ఆమె ఏమైందో ఆ కథకు పట్టలేదు. పట్టించుకున్నది కిమ్ యేల్, జాన్ ఆస్ట్రాండర్ అనే రచయిత దంపతులు. 1989 "సూసైడ్ స్క్వాడ్" 23వ సంచికలో వాళ్లే ఆరకిల్‌ను సృష్టించారు.

ఇక్కడే టీవీ దారి, కామిక్స్ దారి వేరయ్యాయి. 1992లో ఫాక్స్ ఛానల్‌లో మొదలైన బ్యాట్‌మన్ యానిమేషన్ ధారావాహిక బార్బరాను కాల్పుల ముందటి వయసులోనే, కాలేజీ అమ్మాయిగా తీసుకుంది. 1993లో వచ్చిన "షాడో ఆఫ్ ద బ్యాట్"లో గోర్డన్‌ను లంచం కేసులో ఇరికిస్తారు. తండ్రికి మద్దతుగా జరిగే సభకు బ్యాట్‌మన్ రాలేనంటే, వచ్చినట్టు కనబడాలని బార్బరాయే గబ్బిలం వేషం కడుతుంది. మారువేషాల విందు పోయి, ఆ స్థానంలో బలమైన కారణం వచ్చింది. 1998 నాటి "ఓవర్ ది ఎడ్జ్" కథలో ఆమె తండ్రి కారు మీదే పడి చనిపోతుంది. చివరికి అదంతా భయం పుట్టించే వాయువు ప్రభావంలో ఆమె కన్న పీడకలని తేలుతుంది. 1999 నాటి "బ్యాట్‌మన్ బియాండ్"లో జుట్టు నెరిసిన బార్బరా తండ్రి కుర్చీలో కమిషనర్‌గా కూర్చుంది. వీటిలో ఎక్కడా చక్రాల కుర్చీ లేదు. ఆ తరం పిల్లలకు ఆరకిల్ ఎవరో తెలియకపోవడం సహజం.

ఆరకిల్‌ను మనుషులు నటించే టీవీకి తెచ్చింది 2002 నాటి "బర్డ్స్ ఆఫ్ ప్రే". డైనా మేయర్ నటించిన బార్బరా పగలు టీచరు, రాత్రి గడియార స్తంభంలో ఆరకిల్. 13 ఎపిసోడ్లకే ఆపేశారు. ఒక కథలో వెన్నుకు పరికరం తగిలించి ఆమెను మళ్లీ బ్యాట్‌గర్ల్‌ను చేసిన రచయితలకు కుర్చీలోని నాయిక మీద పూర్తి నమ్మకం లేనట్టుంది.

హక్కుల గొడవా ఒకటుంది. 2003-06 మధ్య రాబిన్ "టీన్ టైటన్స్" అనే మరో కార్టూన్‌కు కేటాయింపైపోవడంతో "ద బ్యాట్‌మన్" యానిమేషన్ ధారావాహికకు అతను దొరకలేదు. అందుకే 2005లో అక్కడ బ్యాట్‌గర్ల్ ముందు వచ్చింది, రాబిన్ మరుసటి ఏడాది వచ్చాడు. సీనియారిటీ తనదేనని ఆమె అతన్ని దెప్పడం ఆ ధారావాహికలో మంచి హాస్యం.

"కిల్లింగ్ జోక్" గాయానికి సరైన జవాబు "యంగ్ జస్టిస్" యానిమేషన్ ధారావాహిక ఇచ్చింది. 2012 సీజన్‌లో బ్యాట్‌గర్ల్, 2019లో ఆరకిల్, మధ్యలో ఏం జరిగిందో నాలుగో సీజన్ దాకా చెప్పలేదు. హంతకిగా పెంచిన కసాండ్రా కత్తి దూసి జోకర్‌ను చంపబోతుంటే, ఆ అమ్మాయి చేతికి హత్య అంటకూడదని బార్బరా అడ్డుపడింది. కత్తివేటు ఆమె వెన్నుకు తగిలింది. 1988లో తలుపు తీయడం తప్ప ఏమీ చేయని మనిషికి, ఇక్కడ గాయం తన నిర్ణయం ఫలితం. ఆరకిల్‌ను చిత్రించడంలో ఇంతకు మించిన సవరణ మాకు కనబడలేదు. 2021లో మనుషులు నటించిన "టైటన్స్" మూడో సీజన్ ఇంకో అడుగు వేసి, నిజజీవితంలో కాలు కోల్పోయిన నటి సవానా వెల్చ్‌కు కమిషనర్ బార్బరా పాత్ర ఇచ్చింది.

2024 "కేప్డ్ క్రూసేడర్" యానిమేషన్‌లో, 1940ల నాటి బ్యాట్‌మన్ నగరం గోథమ్‌లో, బార్బరా నిందితుల తరఫున వాదించే ప్రభుత్వ లాయరు. తండ్రి పోలీసులు పట్టుకొచ్చిన వాళ్లకే కోర్టులో అండగా నిలబడుతుంది. తొలి సీజన్ పది ఎపిసోడ్లలో ముసుగు జోలికి పోలేదు, కుర్చీ జోలికీ పోలేదు.