12 మ్యాచ్‌లకే ఆగిపోయిన వాలెంటీనో మజ్జోలా

ఇటలీ ఫుట్‌బాల్ చరిత్రలో అత్యుత్తమ ఆటగాడెవరన్న చర్చలో వాలెంటీనో మజ్జోలా పేరు రాక మానదు. అయినా అతడు జాతీయ జట్టుకు ఆడింది 12 మ్యాచ్‌లే, చేసినవి 4 గోల్సే; ప్రపంచ కప్‌లో ఒక్క నిమిషం కూడా ఆడలేదు. దీనికి కారణాన్ని అతడి ఆటలో కాక, అతడు పుట్టిన కాలంలో వెతకాలి.

మిలాన్ సమీపంలో అడ్డా నది ఒడ్డునున్న కసానోలో 1919 జనవరిలో ఒక పేద కుటుంబంలో పుట్టిన మజ్జోలా, చిన్న వయసులోనే నార మిల్లులో పనికి కుదిరి, ఆ తరువాత ఆల్ఫా రోమియో కర్మాగారంలో చేరి ఆ సంస్థ జట్టుకు ఆడాడు. 1938లో ఇటలీ వరుసగా రెండోసారి ప్రపంచ కప్ గెలిచే నాటికి అతడు పందొమ్మిదేళ్ల అనామకుడు. నౌకాదళంలో పని చేయడానికి వెనిస్ వెళ్లడమే అతడికి కలిసివచ్చింది. అక్కడి వెనెజియా క్లబ్బు 1941లో ఇటలీ కప్ గెలిచినప్పుడు మజ్జోలా, ఎజియో లోయిక్ ఇద్దరూ ఆ జట్టులో ఉన్నారు. మరుసటి ఏడాది టురిన్ నగరపు క్లబ్బు టొరీనో అధ్యక్షుడు ఫెరుచ్చో నోవో ఆ ఇద్దరినీ కలిపి తీసుకున్నాడు.

1942 ఏప్రిల్‌లో క్రొయేషియాపై అంతర్జాతీయ రంగప్రవేశం చేసిన మజ్జోలా అదే నెలలో స్పెయిన్‌పైనా ఆడాడు. ఆ తరువాత యుద్ధం వల్ల 1945 నవంబరు దాకా ఇటలీ అంతర్జాతీయ మ్యాచ్ ఆడనే లేదు. 1942, 1946 ప్రపంచ కప్‌లు జరగలేదు. ఆటగాడి ఒంట్లో సత్తువ నిండుగా ఉండే ఏళ్లు అలా గడిచిపోయాయి.

క్లబ్బు కథ వేరు. 1942-43లో లీగ్‌నూ కప్‌నూ ఒకే సీజన్‌లో గెలిచిన తొలి ఇటలీ క్లబ్బుగా టొరీనో నిలిచింది. యుద్ధం ముగిశాక 1949 దాకా లీగ్ టైటిల్ దాని చేయి దాటిపోలేదు. ఎడమవైపు ఇన్‌సైడ్ స్థానంలో, అంటే మిడ్‌ఫీల్డ్‌కూ దాడి వరుసకూ మధ్య, ఆడే మజ్జోలా వెనక్కి వచ్చి బంతి లాక్కుని, తనే ముందుకు తీసుకెళ్లి గోల్ కొట్టగలడు. మిడ్‌ఫీల్డరే అయినా 1946-47లో 29 గోల్స్‌తో లీగ్‌లో అగ్రస్థానం అతడిదే. టొరీనో సొంత మైదానమైన ఫిలడెల్ఫియాలో జట్టు మందకొడిగా ఆడుతుంటే ప్రేక్షకుల్లోంచి ఒక అభిమాని బూర ఊదేవాడు. కెప్టెన్ మజ్జోలా చొక్కా చేతులు పైకి మడిచేవాడు. ప్రత్యర్థులకు ఆ సైగ అర్థమయ్యేది.

1947 మే 11న హంగరీతో ఆడిన ఇటలీ జట్టులో గోల్‌కీపర్ తప్ప మిగిలిన పది మందీ టొరీనో వారే. ఒక దేశం తన జట్టునంతా ఒకే క్లబ్బుకు అప్పగించడంలోని ముప్పు రెండేళ్లకు బయటపడింది. లిస్బన్‌లో బెన్ఫికాతో స్నేహపూర్వక మ్యాచ్ ఆడి తిరిగి వస్తున్న టొరీనో విమానం 1949 మే 4న పొగమంచులో దారి కానరాక టురిన్ శివార్లలోని సుపెర్గా కొండపై చర్చి ప్రాకారాన్ని ఢీకొంది. అందులోని 31 మందీ మరణించారు; వారిలో 18 మంది ఆటగాళ్లు. మజ్జోలా వయసు ముప్పై. లీగ్‌లో మిగిలిన నాలుగు మ్యాచ్‌లను టొరీనో కుర్రాళ్ల జట్టు ఆడగా, ప్రత్యర్థులు కూడా తమ కుర్రాళ్లనే దింపారు.

మజ్జోలాకు అందాల్సిన తొలి ప్రపంచ కప్ ఆ మరుసటి ఏడాదే బ్రెజిల్‌లో జరిగింది. విమానమంటే భయం పట్టుకున్న ఇటలీ జట్టు, నోవో ఆధ్వర్యంలోనే, ఓడలో బయలుదేరి వెళ్లి, స్వీడన్ చేతిలో 3-2తో ఓడి తొలి దశలోనే ఇంటిముఖం పట్టింది. ప్రమాదం నాటికి ఆరేళ్లున్న మజ్జోలా కుమారుడు సాండ్రో, పెద్దయ్యాక ఇంటర్ మిలాన్ తరఫున ఎదిగి, మూడు ప్రపంచ కప్‌లకు ఎంపికై, ఇటలీకి 70 మ్యాచ్‌లు ఆడాడు.