నోటీసుకు జవాబివ్వకుండా కోర్టుకొచ్చే ఎరువుల డీలర్లకు

లైసెన్స్ రద్దయిందని లాయరునైన నా దగ్గరకొచ్చే డీలర్లు ఎక్కువగా చెప్పే మాట ఒకటే: "జవాబిస్తే ఇరుక్కుంటామన్నారు సార్, అందుకే ఇవ్వలేదు. హైకోర్టులో రిట్ వేసేద్దాం." ఈ సలహా ఎవరు పుట్టించారో గానీ, షాపులు మూయించడంలో తనిఖీల కంటే దీనిదే పెద్ద చెయ్యి.

అపోహ: షోకాజ్ నోటీసుకు (చర్య ఎందుకు తీసుకోకూడదో చెప్పమని అడిగే నోటీసుకు) ఊరుకోవడమే మేలు, అసలు వాదన కోర్టులో.

వాస్తవం: రాజ్యాంగం ఆర్టికల్ 226 కింద రిట్, అంటే అధికారి ఆర్డర్‌ను సవాలు చేసే పిటిషన్, వేస్తే హైకోర్టు మీ గోడౌన్‌లో బస్తాలు లెక్కపెట్టదు. ఆ అధికారికి అధికారం ఉందా, మీ మాట విన్నారా, ఆర్డర్‌లో కారణాలు రాశారా అనేదే ప్రధానంగా చూస్తుంది. జవాబే ఇవ్వనివాళ్లు "నా మాట వినలేదు" అని ఏ మొహంతో అంటారు?

ఒకాయన విషయంలో ఈ-పాస్ మెషిన్‌లో (స్టాకు, అమ్మకాలు నమోదు చేసే మెషిన్) చూపించిన దానికంటే గోడౌన్‌లో యూరియా ఎక్కువ తేలింది. లోడు దిగింది, మెషిన్‌లో ఎక్కించలేదు, అంతే. ఇన్‌వాయిస్ ఉంది, లారీ కాగితాలూ ఉన్నాయి. నోటీసు కవరు మాత్రం బిల్లు పుస్తకాల కింద విప్పకుండానే పడుంది. "ఇవి అధికారికి చూపించారా?" అని జడ్జిగారు అడిగారు. చెప్పడానికేముంది? అప్పీలుకు వెళ్లమన్నారు. అప్పటికే సీజన్ అయిపోయింది. పాపం, ఆయన తప్పు చేసినవాడు కాదు, భయపడినవాడు.

కాబట్టి జవాబివ్వండి. పంచనామా (తనిఖీలో సాక్షుల ముందు రాసిన రిపోర్టు) కాపీ అడగండి, స్వయంగా చెప్పుకునే అవకాశం కావాలని రాయండి, గడువు చాలకపోతే అదీ రాతపూర్వకంగానే అడిగి అక్నాలెడ్జ్‌మెంట్ తీసుకోండి. ఇంతా చేశాక "జవాబు సంతృప్తికరంగా లేదు" అని ఒక్క ముక్కతో రద్దు చేస్తే, అప్పుడు మీ రిట్‌కు బలం. ఆర్డర్‌లో లేని కారణాలను తర్వాత కోర్టులో అధికారి వేసే జవాబులో (కౌంటర్‌లో) చేర్చడం కుదరదని మొహిందర్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు ఎప్పుడో తేల్చేసింది.

అపోహ: అప్పీలు దండగ.

వాస్తవం: బస్తాల లెక్క మళ్లీ చూడగలిగేది అప్పీలు అధికారే. 1985 ఎరువుల నియంత్రణ ఉత్తర్వు కింద దానికి గడువు 30 రోజులు. రిట్ చుట్టూ తిరుగుతూ ఇది దాటబెట్టుకోకండి. అప్పీలు ఉన్నా రిట్ వినే సందర్భాలున్నాయి: సహజ న్యాయం (నిర్ణయానికి ముందు మీ మాట వినడం లాంటివి) పాటించకపోవడం, అధికార పరిధి లేకపోవడం లాంటివి. 1998 నాటి సుప్రీంకోర్టు వర్ల్‌పూల్ తీర్పు చెప్పింది ఇదే.

అపోహ: రిట్ వేయగానే షాపు తెరవొచ్చు.

వాస్తవం: స్టే ఆర్డర్ రాకుండా ఒక్క బస్తా అమ్మినా నిత్యావసర సరుకుల చట్టం కింద క్రిమినల్ కేసే.

ఇక సస్పెన్షన్‌కూ (తాత్కాలికంగా ఆపడం) రద్దుకూ (పూర్తిగా తీసేయడం) తేడా తెలియక టెన్షన్ పడేవాళ్లు చాలామంది. ఏది వచ్చిందో చూడాలంటే నాకు వాట్సాప్‌లో మొదటి పేజీ ఫొటో చాలదు. ఆర్డర్ మొత్తం, నోటీసు, అందిన తేదీ ఉన్న కవరు పట్టుకుని రండి.